నీడ పడితేనే రోజు

మూత, నాలుగో రోజు. నాది 16.

ఈ పుస్తకం ముందు వైపు నుంచి ఊరిది. వెనక వైపు నుంచి నాది.

ముందు వైపు రాయడానికి పెద్దగా ఏమీ ఉండదు. మధ్యాహ్నం బండ మీద కర్ర దగ్గర నిలబడతాను. కర్ర నీడ అంచు తెలిసేలా పడితే తాతల్ని ఈ పల్లానికి తెచ్చిన పాత ఓడ రేకు మీద ఒక్క దెబ్బ కొట్టి పుస్తకంలో ఒక గీత గీస్తాను. పొలాల్లో ఉన్నవాళ్ళు ఆ దెబ్బ విని, ఇవాళ కోత నెల ఇరవై అనో ఇరవై ఒకటి అనో అనుకుంటారు. నీడ పడకపోతే దెబ్బ లేదు, గీత లేదు. ఆ రోజు లేదు.

నాలుగు రోజులుగా దెబ్బ కొట్టలేదు. పెద్దమూత దిగింది. మబ్బు పల్లం మీద కుండ మీద మూకుడు బోర్లించినట్టు కూర్చుంది. ఇంక నెలన్నర ఇంతే. రెండిళ్ళ అవతల బిడ్డ పుట్టింది, కానీ నీడ పడేదాకా పుట్టినట్టు కాదు. ఓడ డొక్క పక్కనుండే ముసలాయన పోయాడు, నీడ పడేదాకా పోయినట్టు కాదు. ఆయన కోడలు రోజూ ఆయన కంచం కడిగి బోర్లిస్తోంది.

మూత రోజుల్లో ఈ పుస్తకం తెరవకూడదు. నాకీ పని అప్పగించినప్పుడు చెప్పిన మొదటి మాట అది. రెండో మాట, సందేహం వస్తే వేయకు.

మా ఆయన దాలయ్య కోత తొమ్మిదో నీడన కొండగట్టు మీదికి వెళ్ళాడు. ఈ ఏడు మేకల వంతు మాది. పల్లంలో మూతకి మేకల గిట్టలు కుళ్ళిపోతాయి, అందుకని మంద ఏడాదంతా మబ్బు పైన ఉంటుంది. మందతో ఒక మనిషి ఉంటాడు. ఇంటికొకడు, ఏడాదికొకడు. వెళ్ళే ముందు మూడురాళ్ళ దగ్గర ఉప్పుమూట భుజం మీదికి సర్దుకుంటూ చెప్పాడు.

"పైనుంచి పల్లం కనిపిస్తాది. మూత ఉంటే ముడెయ్యను. లేకపోతే తాడుకి ఒక ముడి. మీ లెక్కే నాకూను. మళ్ళీ కోత తొమ్మిదికి ఇక్కడే ఉంటాను."

"ఎక్కువ ముడులు వేసేయకు" అన్నాను.

"నువ్వు తక్కువ గీతలు గీయకు" అన్నాడు.

అంతే. కొండ చీలిక మీద వేసిన పలక మీద నుంచి అవతలికి వెళ్ళిపోయాడు. 

మూడు రోజులు ఊరుకున్నాను. ఇవాళ పుస్తకం తిరగేసి, వెనక అట్ట దగ్గర నుంచి పదహారు గీతలు గీశాను. పన్నెండు ఎండవి, నాలుగు మూతవి. ఊరికి అక్కర్లేదు కాబట్టి ఆ నాలుగూ జరగలేదని నేననుకోలేను. నాలుగు పూటలూ వంట చేశాను. నాలుగు రోజులూ గిన్నెలో అన్నం మిగిలింది. కొలత ఇంకా చేతికి రాలేదు.

దుక్కి 12. నాది 95.

ఎగువ మడి దున్నించాను. గవరమ్మ మొగుడు అసిరయ్య వచ్చి నాగలి పట్టాడు. గవరమ్మ మా పక్కింటిది. నన్ను వదినా అంటుంది, చుట్టరికం ఏమీ లేదు. వచ్చే కోతకి మేకల వంతు వాళ్ళది.

"ఇప్పుడు నేను మీ మడి దున్నుతున్నాను గదా వదినా, వచ్చే ఏడు బావ మా మడి దున్నాల. ఇది మాత్రం పుస్తకంలో రాసుకో" అన్నాడు అసిరయ్య.

"పుస్తకంలో గీతలే ఉంటాయి" అన్నాను.

"అయితే గట్టిగా ఒకటి గీసుకో."

గవరమ్మ మడి గట్టు మీద కూర్చుని అంబలి కలుపుతూ, "ఈయన్ని ఏడాది పైకి పంపిత్తే నాకు హాయి. ఈ గురక ఉండదు" అంది. అసిరయ్య నాగలి ఆపి, "మేకలకి గురక అలవాటేనే" అన్నాడు. ఇద్దరూ నవ్వారు. నేను కూడా నవ్వాను.

ఇంటికొచ్చి నులక మంచం బిగించాను. ఒక వైపు కుంగిపోయి ఉంది. అది దాలయ్య వైపు. బిగించాక మంచం సమంగా అయింది. పడుకుంటే ఎటు వైపు పడుకోవాలో తెలియలేదు. రెండో రోజు నులక మళ్ళీ వదులు చేశాను. పని లేక చేసిన పని.

నీడ పడిన రోజుల్లో గట్టు కనిపిస్తుంది. కొమ్ము మీద తెల్లగా ఏదైనా కదిలితే మేకలనుకుంటాను. అంత దూరం నుంచి మేక కనపడదని నాకు తెలుసు.

కలుపు 17. నాది 215.

ఇవాళ మధ్యాహ్నం మబ్బు పలచగా ఉంది. కర్ర దగ్గర నిలబడ్డాను. బండ మీద ఏదో మసక ఉంది. అంచు లేదు. చెయ్యి అడ్డం పెట్టి చూశాను, చెయ్యి నీడా కర్ర నీడా ఒకటే మసక.

సందేహం వస్తే వేయకూడదు.

కలుపు తీస్తున్న ఆడవాళ్ళు నడుములు ఎత్తి ఇటు చూస్తున్నారు. రేకు మోగితే ఒక రకం, మోగకపోతే ఇంకో రకం. మోగితే సగం మడి అయినట్టు, మోగకపోతే పొద్దున్నించి వంగిందంతా లెక్కలోకి రానట్టు. నేను వాళ్ళ కోసం కొట్టానని రాసుకోవచ్చు. రాయను.

కోత తొమ్మిదికి ఇంకా డెబ్బై మూడు నీడలు. కొడితే డెబ్బై రెండు అవుతుంది. అది అనుకున్నాక చెయ్యి దానంతటదే లేచింది.

రేకు మోగింది. అందరూ మళ్ళీ వంగారు. ఒకావిడ "అమ్మయ్య" అంది.

సాయంత్రం పుస్తకం ముందు వైపు గీత గీశాను. మిగతా గీతల్లాగే ఉంది. దాన్ని చూసి ఇది దొంగదని ఎవరూ చెప్పలేరు. వెనక వైపు మాత్రం ఆ రోజు పక్కన ఒక చుక్క పెట్టాను.

పాలు 6. నాది 250.

గవరమ్మ చేటలో వడియాలు తెచ్చి నా గుమ్మంలో దబ్బున పెట్టింది.

"పారమ్మొదినా, వీటిని ఒకసారి ముట్టుకో."

ముట్టుకున్నాను. మెత్తగా ఉన్నాయి.

"కొర్ర వడియాలు ఎన్ని నీడల్లో ఎండాల?"

"నాలుగు."

"ఎన్నయింది?"

"నువ్వే చెప్పు."

"నేనెందుకు సెప్పాల, లెక్క నీ దగ్గరుంది గదా. సంతానాన్ని సూసుకున్నట్టు సూసుకున్నాను. ఐదు దెబ్బలు ఇన్నాను. ఐదు నీడలకి గలగలమనాల. ఇయ్యి సూడు, నంజుకుంటే పంటికి అతుక్కుంటన్నాయి."

"పిండి పలచనయ్యుంటుంది" అన్నాను.

గవరమ్మ నన్ను చూసింది. ముప్పై ఏళ్ళుగా వడియాలు పెడుతున్న మనిషి. పిండి మాట ఆవిడ దగ్గర ఎవరూ ఎత్తరు.

"నీకు ఒంట్లో బాగానే ఉందా?"

"బాగానే ఉంది."

"మరి నా పిండిని అంటావేటి" అని చేట తీసుకుని వెళ్ళిపోయింది. గుమ్మం దాటాక వెనక్కొచ్చి నాలుగు వడియాలు అరుగు మీద పెట్టింది. "మెత్తనియ్యే తిను. నీ లెక్కకి ఇయ్యి ఎండినట్టే గదా."

హాస్యానికే అంది. హాస్యమే అయుండాలి.

ఇప్పటికి మూడు చుక్కలు. రెండోది కూడా పలచటి మబ్బు రోజే. మూడో దానికి మాత్రం మసక కూడా లేదు. పొద్దున్నించీ మూతే. మధ్యాహ్నం రెండు క్షణాలు ఎక్కడో తెల్లగా అనిపించింది. కొట్టేశాను.

పాలు 28. నాది 281.

ఆరు చుక్కలు.

ఇంక వేయకూడదని రెండుసార్లు అనుకున్నాను. మూత రోజున కర్ర దగ్గరికి అసలు వెళ్ళకూడదనుకున్నాను. వెళ్ళకపోతే ఇంట్లో కూర్చుని గీతలు లెక్కపెడుతున్నాను. అది ఇంకా చెడ్డది.

దాలయ్య ముఖం గుర్తు తెచ్చుకుందామంటే చెవే గుర్తొస్తోంది. ఎడమ చెవి. చిన్నప్పుడు మేకపోతు పొడిచి తమ్మె చీలిపోయింది. అన్నం తినేటప్పుడు అది కదులుతుంది. మిగతా ముఖం మబ్బులో ఉన్నట్టుంది.

నీళ్ళ దగ్గర గవరమ్మ కనిపించింది. అసిరయ్యకి కంబళి కుడుతోంది. ఒడిలో పెట్టుకుని అక్కడే కుడుతోంది.

"ఇంట్లో కుడితే ఈయన సూత్తన్నాడు" అంది. "సూసి, అప్పుడే నన్ను పంపేత్తన్నావేటే అంటన్నాడు."

"ఇంకా టైముంది కదా."

"ఎక్కడుంది? ఇరవై ఒక్క నీడలు. నిన్న రాత్రి యేళ్ళు మడిసి లెక్కెట్టాను. ఈ ఏడు కోత తొందరగా వచ్చేత్తంది వదినా. దుక్కి నెలలో గురక ఉండదని అన్నాను గదా. ఇప్పుడు గురక లేకపోతే తెలివొచ్చేత్తంది, ఈ మనిసేడీ అని."

సూది ఆపి దారం కొరికింది.

"నువ్వెలాగ గడిపేవే?"

కడవ ఎత్తుకున్నాను. నేను నా ఏడాదిలోంచి ఆరు రోజులు తీసేశాననుకున్నాను. తీసింది గవరమ్మ ఏడాదిలోంచి అని అప్పటిదాకా తట్టలేదు. దాలయ్య వచ్చిన రోజే అసిరయ్య వెళ్తాడు. పలక వేసేది ఆ ఒక్క రోజే.

కడవతో ఇంటిదారి పట్టాను. కడవ బరువుగా ఉందని అనుకుని ఉంటుంది.

కోత 1. నాది 301.

ఏడు చుక్కలు. ఏడోది పాలు ముప్పై మూడున. ఆ తర్వాత వేయలేదు. వేయకపోతే ఏం, వేసినవి పోవు.

ఇవాళ రేకు మోగగానే ఊరంతా కొడవళ్ళతో ఎగువ మడుల్లోకి దిగింది. మొదటి కంకి కోసేది ఊరి పెద్ద తవిటయ్య. కంకి నలిపి అరచేతిలో ఊది, గింజ నోట్లో వేసుకున్నాడు. నమిలి ఆగిపోయాడు. ఇంకోటి వేసుకున్నాడు.

"పాలున్నాయి" అన్నాడు.

"మొదటి కంకి అలాగే ఉంటాది బాబూ" అన్నాడు ఎవరో.

"అరవై కోతలు కోసేను. కోత ఒకటికి గింజ పంటి కింద పటుక్కుమనాల."

ఎవరూ నా వైపు చూడలేదు. చేను వైపు చూశారు, మబ్బు వైపు చూశారు, ఎరువు గురించి మాట్లాడుకున్నారు. విత్తనం పాతదైపోయిందని ఒకరు, ఎలుకలని ఒకరు. ఈ ఊళ్ళో చేను తప్పు చేయొచ్చు, విత్తనం తప్పు చేయొచ్చు, లెక్క తప్పు చేయదు. అదొక్కటే ఎవరికీ తట్టలేదు. నీడ పడితేనే రోజు. రోజు వస్తేనే కోత.

"లెక్క వచ్చేక కొయ్యాల గదా" అన్నాడు తవిటయ్య. కొడవలి పట్టాడు. అందరూ కోశారు.

నేనూ కోశాను. సాయంత్రానికి అరచేతులు జిగురయ్యాయి.

కోత 9. నాది 311.

తెల్లవారి బయలుదేరితే నీడ వేళకి మూడురాళ్ళు చేరతాం. తవిటయ్య, పలక మోసే నలుగురు, ఉప్పుమూటతో అసిరయ్య, గవరమ్మ, నేను. ఇంటి మనిషి గట్టు దిగే రోజున పెళ్ళాం రావాలి. రోజులు రాసేది కూడా రావాలి. ఆ రెండూ నేనే.

మూడురాళ్ళ దగ్గర కొండ రెండుగా చీలి ఉంటుంది. చీలిక వెడల్పు పది బారలు. లోపల పుల్లగాలి ఉంటుంది, ఎక్కువసేపు వంగి చూస్తే గొంతు పట్టేస్తుంది. దాని మీద ఓడ పలక వేస్తారు. అంత పొడుగు పలక ఊళ్ళో అదొక్కటే. మూతలో వదిలేస్తే పుల్లగాలి తినేస్తుంది కాబట్టి వంతు మారే రోజున వేసి, ఆ పొద్దే లాగేసుకుంటారు. ఎవడైనా రాకపోతే వెతకడానికి ఎవరూ అవతలికి వెళ్ళరు. ఎప్పుడో ఒకడి కోసం ఇద్దరు వెళ్ళారు. ముగ్గురూ రాలేదు. అప్పటి నుంచి పుస్తకంలో రానివాళ్ళ పేజీ ఒకటుంది.

నీడ పడింది. అంచు కత్తిలా ఉంది. పలక వేశారు.

దాలయ్య లేడు.

గవరమ్మ మొదట అసిరయ్య జుట్టు సర్దింది, కంబళి మడత సర్దింది, ఆ తర్వాత సర్దడానికి ఏమీ లేక కూర్చుంది. అసిరయ్య రాయి మీద కాలు ఊపుతూ, "బావకి మేకలు వదలాలని లేదేమో" అన్నాడు. ఎవరూ నవ్వలేదు. నీడ రాయి దాటి, గడ్డి దాటి, పలక మొన దగ్గరకి వచ్చింది.

వాళ్ళందరూ అవతలి ఒడ్డు చూస్తున్నారు. నేను చూడలేదు. రాడని తెలుసు. దాలయ్య ఎక్కడో రెండు రోజుల దూరంలో మేకల మధ్య కూర్చుని ఉంటాడు. తాడుకి నూట తొంభై మూడు ముడులు వేసి ఉంటాడు. ఇంకా ఏడు ముడులున్నాయని తొందరపడకుండా ఉంటాడు. ఏడు నీడల తర్వాత ఆ అవతలి ఒడ్డుకే వచ్చి నిలబడతాడు. పలక ఇవతల ఊళ్ళో ఉంటుంది. పిలిస్తే వినపడని దూరంలో నేను అన్నం వండుతూ ఉంటాను. ఇంకో ఏడాది, ఉప్పు లేకుండా.

పొద్దు వాలింది. తవిటయ్య లేచి తువ్వాలు దులుపుకున్నాడు.

"పారమ్మా, ఏటి సేత్తాం మరి. పుస్తకం తియ్యి."

తీశాను. రానివాళ్ళ పేజీ ముందు వైపు మూడోది. పదకొండు పేర్లున్నాయి. ఆఖరి పేరు కింద చోటుంది.

"రాయి తల్లీ. రాయలేకపోతే నేను రాత్తాను."

పలక మోసే నలుగురూ చివర పట్టుకున్నారు. రాతి మీద గీసుకున్న చప్పుడు వచ్చింది.

"లాగద్దు" అన్నాను.

"ఉంచితే మూత తినేత్తాది."

"ఇవాళ కోత తొమ్మిది కాదు. కోత రెండు."

తవిటయ్యకి అర్థం కాలేదు. పుస్తకం తిరగేసి ఆయన చేతిలో పెట్టాను. ఆయన వెనక పేజీలు చాలాసేపు చూశాడు. మూత రోజుల గీతలు చూశాడు. చుక్కల దగ్గర వేలు ఆపాడు.

"ఇయ్యేటి?"

"నీడ పడని రోజున కొట్టినవి. ఏడు."

"ఎందుకు?"

అవతలి ఒడ్డు వైపు చూశాను. ఆయన కూడా చూశాడు.

"అయితే సేను..."

"పచ్చిది కోశాం. మిగిలింది ఆపండి. ఏడు నీడలు నిలబెడితే అదైనా పండుతుంది."

పలక పట్టుకున్నవాళ్ళలో ఒకడు ఉమ్మేశాడు. తవిటయ్య రాయి మీద కూర్చుండిపోయాడు. అప్పుడు గవరమ్మ లేచి వచ్చింది. కొడుతుందనుకున్నాను.

"వడియాలు" అంది.

"అవును."

"నా పిండి పలచనన్నావు."

"అన్నాను."

"ఈ ఏడు నీడలూ మా ఆయన ఇంట్లో ఉండాల్సినియ్యి. రాత్రి ఈయన గురక ఇంటూ ఏడిసేను. ఆఖరి రాత్రి అనుకుని ఏడిసేను. నీకు తెలుసు."

"తెలుసు."

"నువ్వు గూడా ఏడాది పడ్డదానివే గదే, నాకు సేత్తావా?" అంది. కొట్టి ఉంటే బాగుండేది.

అసిరయ్య ఉప్పుమూట దించి, "సర్లే, ఏడు రాత్రులు గురక మిగిలింది గదా. పద ఇంటికి" అన్నాడు. ఆవిడ కదలలేదు. చెయ్యి పట్టుకుని తీసుకెళ్ళాడు.

తవిటయ్య తీర్పు అక్కడే చెప్పాడు. కర్ర ఇక నాది కాదు. మేకల వంతులో ఉన్న మనిషి ఇంట్లో ఇక మీదట కర్ర ఉండకూడదు. పచ్చి గింజ అంతా మా ఇంటి వంతు. పలక నిజమైన తొమ్మిది దాకా ఉంటుంది, దాని కాపలా నాదే. మూత ముందే దిగితే మాత్రం లాగేస్తారు. తర్వాత కొడవలి తీసి పుస్తకం కుట్టు దారం మధ్యలో కోశాడు. ముందు సగం సంచిలో పెట్టుకున్నాడు. వెనక సగం నా ఒళ్ళో పడేశాడు.

"ఇది ఊరిది కాదు" అన్నాడు.

కోత 5. నాది 314.

మూడురాళ్ళ దగ్గరే ఉంటున్నాను. మూడు రోజులూ నీడ పడింది. కింద ఊళ్ళో తవిటయ్య రేకు కొడితే ఇక్కడికి వినపడదు. అయినా ఆ వేళకి చెవి అటు పోతుంది.

ఇంకా నాలుగు నీడలు కావాలి. పెద్దమూత నిరుడు కోత ఇరవైకి దిగింది. అంతకు ముందు ఏడు కోత పదకొండుకి. గాలి పడమటి నుంచి తిరిగితే తెలిసిపోతుంది. ఇవాళ సాయంత్రం కొంచెం తిరిగింది.

ఇన్ని నెలలు రోజు గడిచిపోతే చాలనుకున్నాను. ఇప్పుడు నీడ పడాలనుకుంటున్నాను. ఈ రెండూ ఒకటి కాదని ఇప్పుడు తెలుస్తోంది.

మూత, రెండో రోజు. నాది 321.

మధ్యలో రెండు రోజులు మబ్బు పట్టి వదిలింది. కోత ఆరు, ఏడు, ఎనిమిది పడ్డాయి. ఎనిమిదో నీడ పడిన సాయంత్రం పడమటి నుంచి పెద్దమూత వచ్చేసింది. ఒక్క నీడ తక్కువ.

ఇవాళ నీడ వేళకి, అంటే నీడ ఉంటే పడాల్సిన వేళకి, తవిటయ్య వాళ్ళు వచ్చారు. అందరూ ముక్కులకి తడిగుడ్డలు కట్టుకున్నారు. అసిరయ్య ఉప్పుమూట మోసుకొచ్చాడు, ఎందుకైనా మంచిదని. గవరమ్మ కూడా వచ్చింది. నాకు ఎడంగా నిలబడింది.

తవిటయ్య పలక తడిమి చూశాడు. అంచు అప్పుడే పొడిపొడిగా రాలుతోంది.

"తొమ్మిదో నీడ పడలేదు. ఆడు ముడెయ్యడు. ముడెయ్యకుండా రాడు. ఆడి సంగతి నాకు తెలుసు" అన్నాడు. కోపంగా అనలేదు. "లాగండి."

నలుగురూ పట్టుకున్నారు. నేను పక్కకి జరిగాను. అడ్డుపడే హక్కు ఏడు చుక్కలతోనే పోయింది. పలక జానెడు కదిలింది.

"ఆగండి" అంది గవరమ్మ.

అందరూ ఆగారు.

"గంట."

ఎవరికీ వినపడలేదు. నాకూ వినపడలేదు. పుల్లగాలి చెవుల్లో దూదిలా ఉంటుంది. తవిటయ్య తల అడ్డంగా ఊపాడు. పలక లాగేస్తే అసిరయ్య ఏడాది ఇంట్లో ఉంటాడు. ఆ సంగతి అక్కడున్న అందరికీ తెలుసు, అందరికంటే ముందు గవరమ్మకి తెలుసు. ఆవిడ ముక్కు గుడ్డ కిందికి లాగేసి గట్టిగా అంది.

"నాకు ఇనిపించింది. మందగంట. పలక సరిగ్గా ఎయ్యండి, మేకలు పడిపోతాయి."

పలక సర్దుతుండగా మొదటి మేక మబ్బులోంచి వచ్చింది. దాని వెనక ఇంకోటి. ఉప్పు వాసనకి ఒకదాని వెనక ఒకటి పలక మొన దాకా వచ్చి నిలబడ్డాయి. తర్వాత చీలిన చెవి కనిపించింది. గడ్డం పెరిగి మిగతా ముఖం గుర్తు పట్టేలా లేదు.

దాలయ్య పలక దాటి వచ్చి నన్ను చూశాడు. తర్వాత అసిరయ్య భుజం మీద మూట చూశాడు.

"ఉప్పు తెచ్చారా? నాలుగు నెలలుగా సప్పిడి కూడు తింటన్నాను" అన్నాడు.

అసిరయ్య ఒక పెల్ల తీసి ఇచ్చాడు. దాలయ్య దాన్ని అలాగే నాకాడు, మేకలాగే.

"తొమ్మిదో ముడి ఎయ్యకుండా ఎలాగొచ్చేవురా?" అన్నాడు తవిటయ్య.

"పైనుంచి పెద్దమూత వచ్చేది నాలుగు రోజుల ముందే కనిపిస్తాది బాబూ. తొమ్మిదో నీడ ఇంక పడదని తెలిసిపోయింది. ముడెయ్యలేదు. ఎయ్యకుండానే వచ్చేసేను. తప్పేటి?"

తవిటయ్య నా వైపు చూశాడు. నేను లెక్క మార్చాను. దాలయ్య లెక్క మార్చకుండా వచ్చేశాడు. ఇంత చిన్న సంగతి నాకు తట్టలేదు.

అసిరయ్య మూట ఎత్తుకున్నాడు. మూత ఇంకా దట్టం కాకముందే వెళ్ళాలి. పలక దగ్గర ఆగి పెళ్ళాన్ని చూశాడు.

"ఇవాళ్టికి రోజే లేదు. మళ్ళీ ఏ రోజుకి రమ్మంటావే?"

గవరమ్మ మూట ముడి బిగించింది.

"మూత రాకముందు రా" అంది.

మూత, తొమ్మిదో రోజు. నాది 328.

దాలయ్య వారం రోజులు పడుకున్నాడు. లేచి తిన్నాడు, మళ్ళీ పడుకున్నాడు. పచ్చి గింజ అన్నం జిగురుగా అవుతుంది. రెండుసార్లు వంక పెట్టాడు. మూడోసారి ఎందుకలా ఉందో చెప్పాను. ఏడు చుక్కలూ చెప్పాను. నమలడం ఆపి విన్నాడు. తర్వాత కంచం నా వైపు తోసి, "ఇంకొంచెం పెట్టు" అన్నాడు.

ఇవాళ తాళ్ళు తీశాడు. నీడల తాడు తవిటయ్యకి ఇచ్చేయాలి. నూట తొంభై తొమ్మిది ముడులు. సరిగ్గా ఉంది. సంచి అడుగున ఇంకో తాడుంది, లావుగా ఉండ చుట్టి.

"ఇదేమిటి?"

"పైన మూత ఉండదు గదా. రోజూ ఎండే. మీ రోజు కానియ్యి గూడా నాకు తెల్లవారేవి. ఉత్తినే ఏసేను."

మంచం మీద పరిచి ఇద్దరం రెండు వైపుల నుంచి లెక్కపెట్టాం. మూడొందల ఇరవై రెండు. నేను నా సగం పుస్తకం తెచ్చాను. ఆయన వచ్చిన రోజుకి మూడొందల ఇరవై ఒకటి.

ఒకటి తేడా. నువ్వు ఒక రోజు మర్చిపోయావని ఆయన, నువ్వు ఒకటి ఎక్కువ వేశావని నేను. వంట వేళ దాకా వాదించుకున్నాం. తేలలేదు.

అప్పుడు గవరమ్మ వచ్చింది. మూడురాళ్ళ నుంచి వచ్చాక మా గుమ్మం తొక్కడం ఇదే. చేటలో వడియాలున్నాయి. మూతలో ఎండవని తెలిసీ పెట్టింది. పొయ్యి మీద ఆరబెట్టింది కాబోలు, పొగ వాసన వస్తున్నాయి. మంచం మీద పరిచిన తాడు చూసింది, పుస్తకం చూసింది.

"ఆ కాగితాలు ఇంకా మిగిలేయేటి వదినా?"

ఖాళీవి ఇరవై ఆరున్నాయి. నాకింక పని లేదు. ఈ పేజీ పూర్తి చేసి ఇస్తానన్నాను, కూర్చోమన్నాను. ఆవిడ కూర్చుంది. దాలయ్య వడియం నోట్లో వేసుకుని బాగుందన్నాడు. ఆవిడ పట్టించుకోలేదు.

"నాకు అచ్చరాలు రావు."

"గీతలు చాలు."

"మూత రోజులకి గూడా గీయాలేటి?"

"వాటికే గీయాలి. ఎండ రోజులు ఊరు చూసుకుంటుంది."

కలం ఇచ్చాను. కొత్త కాగితం మీద, అసిరయ్య వెళ్ళిన రోజు నుంచి వేళ్ళు మడుచుకుంటూ ఎనిమిది గీతలు గీసింది. నేను చెప్పలేదు. లెక్క సరిగ్గానే ఉంది.